సముద్రక్షేత్రమున విత్తు చల్లిన విక్టర్ కోస్తు పండితుని చరిత్రము

మహాసభ సంచికకు ఒక మహనీయుని చరిత్రము వ్రాసి పంపవలసినదని సంపాదకులు మమ్ము కోరిరి. మన కులమున పుట్టి మనకు దారి చూపిన పెద్దలలో నొకరిని గూర్చి వ్రాయుదుమని వారు తలచియుందురు. మేమును మొదట నట్లే తలచితిమి. కాని యీ మధ్య మన తీరగ్రామములలో ఎక్కడ నలుగురు కూడినను ఒకే ప్రసంగము వినవచ్చుచున్నది. కడలిలో పంజరములు కట్టి చేపలను పెంచుట, త్రాళ్లకు నాచు కట్టి పెంచుట, ఏటిమొగలయందు ఆలుచిప్పలను పెంచుట మొదలగు పనులు మనకు మేలు చేయునా, కీడు చేయునా యని మాయొద్ద చదువుకొన్న పిల్లలు వచ్చి మమ్మడుగుచున్నారు. మేము ముప్పదియేండ్లు బడిలో శబ్దములును ధాతువులును వల్లె వేయించిన వారమే కాని తెడ్డు పట్టి బ్రతికిన వారము కాము. కావున మాకై మేము తీర్పు చెప్పుటకంటె, ఇట్టి పనిని ఒక దేశపు తీరమంతట తలపెట్టి, కొన్నిచోట్ల గెలిచి కొన్నిచోట్ల ఓడిన యొక విద్వాంసుని జీవితమును ఉన్నదున్నట్లు చెప్పుట మేలని తోచినది.

మన పెద్దలు ఉత్తరమునకు మొదట యోగక్షేమములు తెలియగోరెదమని వ్రాయుచుండిరి. ఆ మాటకు శాస్త్రకారులు చెప్పిన యర్థము గంభీరమైనది. లేనిదానిని సంపాదించుట యోగము. సంపాదించినదానిని కాపాడుకొనుట క్షేమము. మొదటిది లేనివాడు దరిద్రుడు. రెండవది లేనివాడు నేడు ధనికుడైనను రేపు దరిద్రుడగును. కోస్తు పండితుని చరిత్రమున ఈ రెండు మాటలకును నిదర్శనములు నిండుగా గలవు.

1954వ సంవత్సరము వఱకు మన యానామును ఏలిన ఫ్రెంచివారి దేశమే యీయన జన్మభూమి. 1807వ సంవత్సరము మే నెల 10వ తేదీన, ఆ దేశపు దక్షిణభాగమున మాంపెలియే నగరమునకు సమీపమందున్న కాస్త్రీ గ్రామమున విక్టర్ కోస్తు జన్మించెను. మాంపెలియేలో వైద్యవిద్య నభ్యసించి, అచ్చటి ప్రసిద్ధ శస్త్రవైద్యుడగు దెల్పెక్ ఆచార్యునికి శిష్యుడై, ప్రాణులు గర్భమునందును గ్రుడ్డునందును ఏ క్రమమున రూపు దాల్చుచున్నవో పరిశోధింప సాగెను. పిమ్మట పారిస్ నగరమునకు పోయి ఆ శాస్త్రమునందే కీర్తి గాంచెను. 1844లో కొలేజ్ ద ఫ్రాన్స్ అను విద్యాపీఠమున పిండోత్పత్తి శాస్త్రమునకు ఆచార్యుడయ్యెను. 1851లో ఫ్రెంచి శాస్త్రపరిషత్తు ఆయనను సభ్యునిగా గ్రహించెను.

ఆ దినములలో ఆయన ఒక చిఱుచేపను గూర్చి చేసిన పరిశీలన మాకు మిక్కిలి రుచించినది. వెన్నుమీద ముండ్లు గల యా చేప ఐరోపా వాగులలో నివసించును. మగచేప నాచుపోగులను నోట కఱచి తెచ్చి గూడు కట్టును. ఆడుచేప అందు గ్రుడ్లు పెట్టి తన దారిని పోవును. అటుపిమ్మట మగచేపయే గూటిముంగిట నిలిచి, రెక్కలతో నీరు విసరుచు, దరికి వచ్చు శత్రువులను తఱుముచు, పిల్లలు ఈదనేర్చువఱకు కావలి కాయును. మన చెఱువులలో కొఱ్ఱమీను తన పిల్లలమందను వెంటనుండి కాచు విధమెఱిగిన మనవారికి ఇది వింతగా తోపదు. గ్రుడ్డు పెట్టుట సగము పని. కాచుట తక్కిన సగము. ఈ పాఠమును కోస్తు చేపయందు సులభముగా చదివెను. మనుష్యులయందు దానిని నిలుపుట ఎంత కష్టమో ఆయనకు తరువాత తెలియవచ్చెను.

ఆ కాలముననే వోజ్ పర్వతములలో లా బ్రెస్ అను గ్రామమున జోసెఫ్ రెమీ అను మత్స్యకారుడుండెను. ఆయన పండితుడు కాడు. ఏళ్లలో ట్రౌటు అను మంచి చేపలు ఏటేట తఱిగిపోవుట చూచి చింతించి, రాత్రులు ఏటి యొడ్డున కాచుకొని యుండి, ఆ చేపలు గ్రుడ్లు పెట్టు తెఱగును కనిపెట్టెను. తరువాత తన చేతితోనే ఆడుచేప గ్రుడ్లపై మగచేప పాలు పిండి, ప్రవహించు నీటిలో వాని నుంచి పిల్లలను పుట్టించెను. అంతకు పూర్వము 18వ శతాబ్దముననే జర్మనీలో జాకోబి అను నతడు ఇట్టి పరీక్ష చేసియుండెను. ఆ సంగతి రెమీ యెఱుగడు. కన్నులే ఆయనకు గురువులు. 1849 ప్రాంతమున పారిస్ పండితులకు ఈ వార్త తెలిసెను. కోస్తు దీని విలువను గుర్తించి, దీనిని ప్రభుత్వము దృష్టికి తెచ్చి, 1852లో రైను నదీతీరమున ఊనింగ్ అను చోట గొప్ప చేపగ్రుడ్ల శాలను నెలకొల్పించెను. అచ్చటినుండి దేశదేశములకు చేపగ్రుడ్లు పంపబడుచుండెను. శాలకు వచ్చిన కీర్తి పండితునిదైనను, మూలమునందలి నేర్పు ఒక జాలరిదే. మన పిల్లలు ఈ మాట మఱవకుందురు గాక.

నదులనుండి ఆయన దృష్టి కడలికి మరలెను. ఫ్రాన్సు తీరమున ఆలుచిప్పల మాంసము బీదలకును భాగ్యవంతులకును ప్రీతిపాత్రమైన యాహారము. తరతరములుగా కన్‌కాల్, సాంబ్రియూ, ఆర్కాషాన్ మొదలగు అఖాతములలో అవి తమంతట పెరిగి దిబ్బలుగా నుండెడివి. 19వ శతాబ్దపు నడుమ రైలుమార్గములు పడగా, తీరమున దొరకిన చిప్పలు త్వరలో నగరములకు చేఱ సాగెను. గిరాకి పెరిగెను. ఇనుపచట్రములు గల యీడ్పువలలతో దిబ్బలను గీచి, తల్లిచిప్పలను పిల్లచిప్పలను కూడ ఎత్తివేసిరి. ప్రసవకాలమున పట్టరాదను నియమము కాగితములలో నుండెను గాని, వలయెదుట నిలువలేకపోయెను. దిబ్బ తరువాత దిబ్బ వట్టిపోయెను. వానినే నమ్మి బ్రతికిన పల్లెల వారు పస్తులుండవలసి వచ్చెను.

అపుడు కోస్తు ఫ్రెంచి తీరమును ఇటలీ తీరమును తిరిగి చూచి వచ్చెను. నేపుల్సు నగర సమీపమున ఫుజారో అను ఉప్పునీటి సరస్సు గలదు. అచ్చటి వారు నీటియడుగున ఱాళ్లకుప్పలు పోసి, వానిపై తల్లిచిప్పలను పఱచి, చుట్టును గుంజలు పాతి, త్రాళ్లకు కంపకట్టలు వ్రేలాడ గట్టుదురు. తల్లుల నుండి వెలువడిన పిల్లలు ఆ గుంజలను కంపలను అంటుకొని పెరుగును. ఎదిగినవానిని మాత్రము ఏరుకొని తక్కినవానిని మరల నీట దింపుదురు. రెండువేల యేండ్లకు పూర్వము సెర్జియసు ఒరాటా అను రోమకుడు ఆ ప్రాంతముననే ఆలుచిప్పల పెంపకమును మొదలిడెనని ప్రాచీనులు వ్రాసిరి. కోస్తు మఱియు కొమాక్యో కయ్యలలో పామువంటి చేపలను తూములగుండ లోనికి రానిచ్చి పెంచు విధమును, ఫ్రాన్సునందే ఎస్నాండ్ గ్రామమున బురదలో పాతిన గుంజలపై నల్లచిప్పలను పెంచు విధమును చూచెను. ఈ విశేషములన్నిటిని 1855లో గ్రంథముగా ప్రకటించెను. ఆయన చూచినదంతయు పల్లెల వారు అనాదిగా చేయుచుండినదే. దానిని ఒక దేశమునకంతటికి పనికివచ్చు విధానముగా జేయ సంకల్పించుట ఆయన ఘనత.

ఇచ్చట ఆలుచిప్ప జీవితమును కొంచెము చెప్పవలెను. ఐరోపాలోని చదునైన ఆలుచిప్ప తన పిల్లలను కొన్నినాళ్లు చిప్పలోపలనే దాచుకొని, వేసవిలో లక్షలకొలది నీట విడుచును. ఆ పిల్లలు ధూళికణములంతటివి. ఒకటి రెండు వారములు నీటిలో తేలుచు తిరిగి, పిమ్మట శుభ్రమైన గట్టి వస్తువేదైన దొరికినచో దాని నంటుకొనును. అంటుకొన్న పిల్ల తనంతట మఱి కదలదు. బురదపై పడినది చచ్చును. కనుక లక్షలలో ఒకటి రెండు బ్రతుకుటయే గొప్ప. పిల్లలు తిరుగాడు దినములలో అంటుకొనుటకు తగిన యాధారములు నీటిలో నుంచినచో, నశించునవి పెక్కు బ్రతుకునని కోస్తు తలచెను. పొలమున విత్తినట్లే కడలిని విత్తవచ్చునని ఆయన విశ్వాసము. మూడవ నెపోలియను చక్రవర్తికి ఆయన 1858లో ఈ విషయమై విన్నపము చేసికొనగా, చక్రవర్తి అంగీకరించి ధనమును ఓడలను ఇప్పించెను.

ఆ యేడే సాంబ్రియూ అఖాతమున పని ప్రారంభమయ్యెను. సుమారు 30 లక్షల తల్లిచిప్పలను తెచ్చి అడుగున పఱపించిరి. ఱాళ్లు కట్టిన కంపకట్టలను వేలకొలది ముంచిరి. కొన్ని నెలలకు పైకి తీసి చూడగా ఆ కంపలకు పిల్లచిప్పలు గుత్తులు గుత్తులుగా అంటుకొని యుండెను. చూచినవారు ముగ్ధులైరి. కోస్తు వెంటనే విజయవార్తను చక్రవర్తికి తెలిపెను. దేశమంతట ఆయన పేరు మ్రోగెను.

కాని కొన్నియేండ్లలోనే ఆ పంట కనబడకుండ పోయెను. ఆ యఖాతము విశాలమై గాలికి తెఱపియైనది. తుపానులు కంపలను పెఱికివేసెను. ఇసుక మేటలు వేసి చిప్పలను కప్పెను. కాపు చాలనందున ఈడ్పువలలు మరల దిబ్బలపై నడచెను. విత్తినది ప్రభుత్వము, పంట ఎవరిదో, కావలి ఎవరిదో పల్లెలవారికి తెలియదు. తనదికాని పొలమునకు ఎవడు రాత్రులు మంచె వేసి కాచును? యోగము సిద్ధించెను, క్షేమము చెడెను. నిలిచి ఫలించిన తరువాత చాటవలసిన విజయమును కోస్తు మొలకయందే చాటెనని పండితులు ఆక్షేపించిరి. ఆ యాక్షేపణ న్యాయమైనదేయని మా యభిప్రాయము. మహనీయుని దోషమును దాచుట గౌరవము కాదు.

కోస్తు వెనుదీయలేదు. ఆర్కాషాన్ అఖాతము బొర్దో నగరమునకు పడమట, ఇసుకదిబ్బల మఱుగున, ఇఱుకైన మొగ గలిగి, మన పులికాటువలె అలల తాకిడి లేనిది. అచ్చట 1860 ప్రాంతమున గ్రాన్ సెస్, క్రాస్తోర్బ్, లాయిలోన్ అను మూడు తావులలో చక్రవర్తి పేర రక్షితక్షేత్రములను ఏర్పఱచిరి. అందు తల్లిచిప్పలను నిలిపి, కావలి వారిని నియమించిరి. ఆ క్షేత్రములనుండి వెలువడిన పిల్లలు పోటునీటివెంట అఖాతమంతట వ్యాపించి, చుట్టునున్న చిన్నచిన్న మడులలో వచ్చి అంటుకొన సాగెను. తల్లులను ఒకచోట ముట్టకుండ కాచుటయే పదుగురి మడులు పండుటకు మూలమయ్యెను. దేవాలయపు కోనేటిలో చేపలను పట్టరాదను మన యాచారము ఇట్టి లోతు గలదియే కావచ్చును.

ఆ మడులను ఇచ్చుటయందలి కట్టుబాటు మనము శ్రద్ధగా తెలిసికొనదగినది. ఫ్రాన్సున సముద్రపుటొడ్డు ఎవరి సొంత ఆస్తియు కాదు. 1681 నాటి నౌకాశాసనము మొదలుకొని అది ప్రజలందఱిది. 1852 జనవరి 9వ తేదీ శాసనము, ప్రత్యేకమైన యనుమతి లేక తీరమున చిప్పల మడి నెవరును కట్టరాదని విధించెను. అనుమతి పొందినవాడు పండించుకొనవచ్చును గాని, నియమము తప్పినచో ప్రభుత్వము దానిని రద్దు చేయగలదు. నౌకాసేన పట్టీలో పేరున్న నావికులకు, అనగా సముద్రముపై బ్రతుకుచు అవసరమైనపుడు యుద్ధనౌకలలో పనిచేయవలసిన వారికి, ఈ మడులలో పాలు దక్కవలెనని కోస్తు కోరిక. 1681 నాటి శాసనమునందే నాచును గూర్చియు ఒక చక్కని నియమము కలదు. తీరమున నుండు ప్రతిగ్రామము వారును ఏటేట సభ కూడి, ఱాళ్లమీది నాచును ఏ దినములలో కోయవలెనో తామే నిర్ణయించుకొనవలెను. పొరుగువారు వచ్చి కోయరాదు. గ్రామసభయే అచ్చట క్షేత్రపాలకుడు.

ఇంతటి విధానమునకు ప్రాణము పోసినవారు ఇద్దఱు తాపీపనివారు. రే అను ద్వీపమున బెఫ్ అను తాపీపనివాడు తాను కట్టిన ఱాతిగోడలకు పిల్లచిప్పలు అంటుకొనుట చూచి, బురదను తొలగించి ఱాళ్లు పఱచి మడి చేసెను. ఆయనను చూచి ద్వీపవాసులు వందలకొలదిగా ఆ పనికి దిగిరి. అందు పలువురి మడులు తరువాత బురద పేరుకొని చెడిపోయెను. ఆర్కాషాన్‌లో మరియొక చిక్కు వచ్చెను. పెంకులకు అంటుకొన్న పిల్లలను ఊడదీయబోగా పగిలి చచ్చుచుండెను. 1865లో మిషెలే అను తాపీపనివాడు పెంకులకు సున్నమును ఇసుకను కలిపి పూసెను. సున్నపుపొర పెళుసుగనుక, పిల్లచిప్ప గాయపడక పొరతోగూడ ఊడివచ్చెను. చిన్న ఉపాయము, కాని దానితో ఆర్కాషాన్ సేద్యము స్థిరపడెను. కొన్ని యేండ్లకే అచ్చటి స్త్రీపురుషులు ఏటేట కోట్లకొలది ఆలుచిప్పలను ఇతర తీరములకు పంపగలిగిరి.

కోస్తు 1859లో కన్‌కార్నో రేవున సముద్రజీవులను పరిశోధించు శాలను స్థాపింపజేసెను. అది నేటికిని నడచుచున్నది. 1862లో ఆయన తీరపు చేపలవేటకు సర్వాధికారియగు పరీక్షకుడుగా నియమింపబడెను. కాని చివరి దినములు చీకటి గప్పినవి. 1870లో జర్మనులతో యుద్ధము వచ్చి చక్రవర్తి పదభ్రష్టుడయ్యెను. 1871లో ఆల్సేసు సీమతోపాటు ఊనింగ్ గ్రుడ్లశాలయు శత్రువుల పాలయ్యెను. సాంబ్రియూ అపజయమును లోకము మఱవలేదు. ఆర్కాషాన్ విజయము ఇంకను సంపూర్ణముగా కనబడలేదు. 1873 సెప్టెంబరు 19వ తేదీన, తన 66వ యేట, నార్మండీ సీమలోని రెజాల్యూ గ్రామమున ఆయన దేహము చాలించెను. విత్తినవాడు పంటను కన్నులార చూడలేదు. అగస్త్యుడు కడలిని త్రాగెనని మనము చదువుకొంటిమి. దానిని దున్నబూనినవాడు ఈయన యొక్కడే మాకు కనబడుచున్నాడు.

ఆ సేద్యపు తరువాతి కథయు ఆయన చరిత్రములో భాగమే. 1868లో మొర్లేజియన్ అను ఓడ పోర్చుగలునుండి ఆలుచిప్పలను తెచ్చుచు, గాలివాన వలన జిరోండ్ నది మొగలో ఆగిపోగా, సరకు కుళ్లెనని తలచి నావికుడు దానిని నీట పాఱబోయించెను. బ్రతికియున్నవి తామరతంపరగా పెరిగి తీరమును ఆక్రమించెను. 1920 ప్రాంతమున దేశీయమగు చదునైన చిప్పకు పెద్ద యఱిష్టము తగిలినపుడు ఈ విదేశపు చిప్పయే పెక్కు కుటుంబములకు కూడు పెట్టెను. లాభము కనబడగా మారెన్ ప్రాంతమున మితి మీఱి పెంచిరి. నీటిలోని మేత ఒక్కటే, తినునవి పెక్కు. చిప్పలు ఎదుగుట మందగించెను. 1970 ప్రాంతమున సూక్ష్మజీవుల తెగులు వచ్చి ఆ జాతి ఫ్రెంచి తీరమున ఇంచుమించు నిశ్శేషమయ్యెను. మరల జపానుజాతి చిప్పలను తెచ్చి మడులు నింపుకొనవలసి వచ్చెను.

ఆ కష్టము తీఱకముందే వేఱొకటి వచ్చెను. 1977 మొదలు ఆర్కాషాన్‌లో పిల్లచిప్పలు నిలువలేదు. పెద్దచిప్పలు వికృతముగా ముదిరెను. మడులవారి తప్పేమియు లేదు. విలాసనౌకల యడుగునకు నాచు పట్టకుండ పూయు తగరపు విషము గల రంగు నీటిలో కలియుటయే దీనికి కారణమని శాస్త్రజ్ఞులు కనుగొనిరి. 1982లో ఫ్రెంచి ప్రభుత్వము 25 మీటర్లకు తక్కువ పొడవుగల నౌకలకు ఆ రంగు పూయుటను నిషేధించగా, చిప్పలు మరల పుట్ట సాగెను. సేద్యము చేయువానిని మాత్రమే నియమించి, నీటిని చెఱుపు పొరుగువానిని విడిచినచో క్షేమము కలుగదని ఈ వృత్తాంతము చాటుచున్నది.

ఈ దూరదేశపు కథకు మన నీటితో సంబంధము లేకపోలేదు. 20వ శతాబ్దపు తొలినాళ్లలో జేమ్సు హార్నెల్ అను పండితుడు చెన్నపురి రాజధాని మత్స్యశాఖలో పనిచేయుచు, ఆర్కాషాన్ ఆలుచిప్పల సేద్యమును, దానినుండి హిందూదేశము నేర్వదగిన పాఠములను గూర్చి వ్రాసెను. పులికాటున ఆలుచిప్పల పెంపకమును గూర్చి పరీక్షలును జరిగెను. ఆ సరస్సు దక్షిణభాగమున పాడు అను పూర్వపు కట్టుబాటు గలదు. ఏ దినమున ఎవరు ఏ తావున వల వేయవలెనో కులపెద్దలయెదుట చీట్లు వేసి వంతులు పంచుకొందురు. నౌకాశాసనము నెన్నడును చదువనివారే ఇట్టి కట్టుబాటును కల్పించుకొనిరి.

1990 తరువాత మన తీరమున రొయ్యల చెఱువులు విచ్చలవిడిగా లేచినపుడు ఆ కట్టుబాటు ఎవరికిని జ్ఞప్తికి రాలేదు. ఉప్పునీరు చేఱి త్రాగు నూతులు చెడెను; కొన్నిచోట్ల కడలికి పోవు దారులు మూసికొనిపోయెను; 1994లో తెల్లమచ్చల తెగులు వచ్చి నెల్లూరు సీమలో చెఱువులకు చెఱువులే ఖాళీ యయ్యెను. మా బంధువర్గమున ఒకడు వలను అమ్మి చెఱువును కౌలుకు తీసికొని, రెండవ పంటకు వలయు చెఱువు రెండును లేనివాడై పట్టణమున కూలికి పోయెను. 1996 డిసెంబరు 11వ తేదీన సుప్రీముకోర్టువారు తీర్పు చెప్పి, తీరనియంత్రణ మండలములోని రొయ్యల పరిశ్రమను తొలగింపవలెననియు, పులికాటు చిల్కా సరస్సులకు 1000 మీటర్లలోపల అట్టివానిని నెలకొల్పరాదనియు ఆజ్ఞాపించిరి. 2005లో తీరజలసేద్యమునకు ప్రత్యేకమైన చట్టమును, దానిని నడపు అధికారసంస్థయు ఏర్పడెను. చెఱువులు నమోదు కావలెననియు, పోటుగీతకు 200 మీటర్లలోపల చెఱువు త్రవ్వరాదనియు అందు విధింపబడెను. 2023లో ఆ చట్టమును సవరించి, పంజరములలో చేపల పెంపకమును, ఆలుచిప్పల పెంపకమును, నాచు పెంపకమును కూడ దాని పరిధిలోనికి తెచ్చిరి.

కావున, మా పిల్లలడిగిన ప్రశ్నకు కోస్తు జీవితమే ఉత్తరము చెప్పుచున్నదని తలచెదము. కడలిసేద్యము తనంతట మేలును గాదు, కీడును గాదు. ఒకే విద్వాంసుని చేతి విత్తనము సాంబ్రియూలో ఇసుకపాలయ్యెను, ఆర్కాషాన్‌లో కోట్లుగా పండెను. భేదము నీటియందు కొంత, కట్టుబాటునందు కొంత. నీటిని మనము మార్చలేము. కట్టుబాటు మన చేతిలోనిది.

మహాసభవారికి మా విన్నపము ఒక్కటే. మన పల్లెలకు ఇట్టి పని వచ్చినపుడు సంఘము తరఫున ఈ ప్రశ్నల నడుగవలెను. అనుమతి కాగితముపై ఎవరి పేరు వ్రాయబడును, కడలిపై బ్రతుకువానిదా, ఊరికి రానివానిదా? ఈ నీటికి ఎన్ని పంజరములు, ఎన్ని త్రాళ్లు తగునో లెక్క కట్టినవారెవరు? విత్తనము ఎచ్చటినుండి వచ్చుచున్నది, దానితో తెగులు రాకుండ చూచువారెవరు? పడవ పోవు దారియు, వల ఆరవేయు ఒడ్డును మిగులునా? తల్లిచేపలకును తల్లిచిప్పలకును విడిచిన తావు ఏది? పైనుండి విషపునీరు వచ్చినచో ఎవరితో చెప్పుకొనవలెను? వీనికి సరియైన సమాధానములు వ్రాతమూలముగా దొరకినచోట మనవారు ధైర్యముగా దిగవచ్చును, దొరకనిచోట తొందరపడరాదు. చదువుకొన్న యువకులు ఈ చట్టములను తెలుగున చదివి పల్లెపల్లెకు చెప్పినచో, ఈ మహాసభ కూడినందులకు అదియే తగిన ఫలము.

విత్తువారికి ఓర్పును, కాచువారికి మెలకువయు కలుగుగాక. మన తీరవాసుల యోగమును క్షేమమును ఆ గంగమ్మతల్లి ఒక్కటిగా నిలుపుగాక.